తోపుడు ఫోను ఎవరి డ్యూటీ

2008 జూన్‌లో నన్ను కర్నూలు జిల్లాలో, కోయిలకుంట్లకు అవతల ఉన్న ఒక మండలానికి గణాంక అధికారిగా వేశారు. మండలం పేరు రాయను. నన్ను గుర్తుపట్టేవాళ్లు అక్కడ ఇంకా ఉన్నారు, గుర్తుపట్టి ఊరుకునే రకం కాదు. అప్పటికి నా సర్వీసు ఇరవై ఆరేళ్లు. గణాంక అధికారి అంటే ఏం చేస్తాడని మా బంధువులే అడిగేవాళ్లు. పొద్దున ఎనిమిదిన్నరకు వానమాపకంలో నీళ్లు కొలిచి రాయాలి. మా సీమలో అది చాలా రోజులు సున్నా చుట్టే ఉద్యోగం. సంతలో ధరలు రాయాలి. అన్నిటికంటే ముఖ్యం, పంట కోత ప్రయోగాలు చేయాలి.

ఈ చివరిదాని గురించి కాస్త చెప్పాలి. ఊళ్లో ప్రతి చేనూ తూచలేం కాబట్టి ఊరికి నాలుగు చేలు ఎంచుతాం. ఎంపిక మా చేతిలో ఉండదు, పైనుంచి అంకెల పట్టిక వస్తుంది. చేను నైరుతి మూల నుంచి పట్టిక చెప్పినన్ని అడుగులు నడిచి, అక్కడ మేకు కొట్టి, తాడుతో అయిదు మీటర్ల చదరం కడతాం. దాని లోపలి పంటను కోసి, కొట్టి, తూర్పారబట్టి, సాక్షుల ముందు తూస్తాం. నాలుగు చేల సగటే ఆ ఊరి దిగుబడి. అది మామూలుకన్నా బాగా తగ్గితే ఊరందరికీ పంటల బీమా వస్తుంది, లేకుంటే ఎవరికీ రాదు. రైతు ఎంత మొత్తుకున్నా తాడు లోపల ఏం తూగిందన్నదే లెక్క.

ఆ డిసెంబరులో మమ్మల్నందరినీ శిక్షణకు పిలిచి మండలానికొక ఫోను ఇచ్చారు. పైకి మామూలు సెల్‌ఫోనే. తెరను పక్కకు తోస్తే మాత్రం కింది నుంచి వరసగా అక్షరాల బటన్లున్న కీబోర్డు బయటికొచ్చేది. హైదరాబాదు నుంచి వచ్చిన ఇంజనీరు ఒకసారి తోసి చూపించగానే హాలంతా టకటకమని తోయడం మొదలుపెట్టింది. భోజనాల వేళ దాకా మేం నేర్చుకున్నది తోయడం, మూయడం. ఆ తర్వాత నేర్పింది ఇది: తూకం వేసిన రోజే, సాయంత్రం అయిదులోపు, చేలో నుంచే బరువు టైపు చేసి పంపాలి. నాలుగు చేలల్లో ఒక్కటి అందకపోయినా కంప్యూటరు ఆ ఊరికి గత అయిదేళ్ల సగటు వేసుకుంటుంది, తర్వాత మార్చడం కుదరదు. ఈ మాట ఆయన రెండుసార్లు చెప్పాడు. నేను నోటుబుక్కులో రాసుకుని కింద గీత కూడా గీశాను.

ఇక్కడ మా ఆఫీసుల ధర్మం ఒకటి చెప్పాలి. అధికారి చిత్తు రాస్తాడు, టైపిస్టు కొడతాడు, అధికారి సంతకం పెడతాడు. కీబోర్డు ఉన్న వస్తువేదైనా టైపిస్టుది. అధికారి తానే టైపు కొట్టుకుంటే కుర్చీ పరువు పోతుందని నాకు పని నేర్పిన పెద్దలు చెప్పారు, నేను నమ్మాను. ఆ ఫోనుకు అందరి ఫోన్లలాగే పన్నెండు బటన్లుంటే జేబులో వేసుకుని తిరిగేవాణ్ణి. అది పళ్లలాగా బటన్లన్నీ బయటపెట్టేసరికి తీసుకుపోయి టైపిస్టు మస్తాన్ వలి బల్ల మీద పెట్టాను.

మస్తాన్ వలి యాభై దాటిన మనిషి. టైపు హయ్యరు ఫస్టు క్లాసులో పాసయ్యాడు. ఆ సర్టిఫికెట్టు పటం కట్టించి మిషను పైన గోడకు తగిలించుకున్నాడు. ఫోనును పెన్సిలుతో నావైపుకు నెట్టాడు.

“ఇది మిషను గాదు సార్, ఫోను. ఫోను ఆఫీసరుది.”

“కీబోర్డు ఉండాది గదప్పా,” అన్నాను.

“ఉంటే? పది వేళ్లు యాడ పెట్టల్ల సార్ దీంట్లో?” అని నిజంగానే రెండు చేతులూ దాని మీద పెట్టి చూపించాడు. చేతుల కింద ఫోను కనపడలేదు.

వాదన తెగలేదు. సదరు ఫోనును ఏ క్యాడరు ఉద్యోగి ఉపయోగించవలెనో తెలుపవలసిందిగా జిల్లా ఆఫీసుకు ఉత్తరం రాశాను. మూడు వారాలకు జవాబు వచ్చింది: తమ స్థాయిలోనే పరిశీలించి తగు చర్య తీసుకోవలసినది. నా స్థాయిలో పరిశీలించి ఆఫీసు ఆర్డరు ఒకటి తయారు చేశాను. అధికారి రాతపూర్వకంగా ఆమోదించిన చిత్తును బట్టి టైపిస్టు మాత్రమే ఫోనును వాడవలెను, ఇతరులెవ్వరూ ముట్టరాదు. స్టాకు రిజిస్టరులో ‘తోపుడు ఫోను, ఒకటి’ అని ఎక్కించాం. తెర మీది ప్లాస్టిక్ కాగితం పీకలేదు. రేపు అప్పగించేటప్పుడు అదేదని అడిగితే ఎవరు జవాబు చెప్పాలి?

జనవరిలో రేగడికొట్టాల అనే ఊళ్లో శనగ కోతలు పడ్డాయి. మొదటి మూడు చేలకు ఊరేగింపుగానే పోయాం. మస్తాన్ వలి ఆఫీసు స్టూలు ఆటోలో తెచ్చుకుని గట్టు మీద వేసుకునేవాడు. నేను తూకం చూసి, చిత్తు రాసి, పొట్టి సంతకం పెట్టి ఇచ్చేవాణ్ణి. ఆయన టైపు చేసి పైకి చదివేవాడు. నేను చిత్తుతో సరిచూసి ‘పంపవచ్చును’ అని రాసేవాణ్ణి. అప్పుడు పంపేవాడు. ఒక రైతు ఉండబట్టలేక, “ఏమప్పా, అగ్గిపెట్టంత దానికి ఇద్దరు సార్లా?” అన్నాడు. నేను చిత్తు మీద తేదీ వేశాను.

నాలుగోది ఈశ్వరమ్మ చేను. నాలుగెకరాల నల్లరేగడి, జత ఎద్దులు, సేద్యమంతా తనే చూసుకునే మనిషి. విత్తిన తర్వాత చినుకు లేదు, ఆ పైన ఎండుతెగులు. ఊరంతా అదే కథ. బీమా వస్తే మళ్లీ విత్తనం వేసుకుంటానని, రాకుంటే ఎద్దులను సంతకు తోలక తప్పదని కోతకు ముందే నాకు చెప్పింది. కోత తేదీ పదిహేను రోజుల కిందటే ఖాయమైంది. కడప దర్గాలో ఉరుసు ఉంది, మొక్కు ఉంది అని మస్తాన్ వలి మూడు రోజుల సెలవు చీటీ పెడితే, తేదీలు చూసుకోకుండా నేనే మంజూరు చేశాను. పోతూ పోతూ ఆయన ఫోను నాకప్పగించి, మంచి స్థితిలో అందినదని సంతకం తీసుకుని మరీ బస్సెక్కాడు.

కోత రోజు మధ్యాహ్నం మూడుకంతా పని అయిపోయింది. బాగా పండిన ఏడాది నాలుగు కిలోలు తూగే చదరంలో ముప్పావు కిలో కూడా రాలేదు. ఈశ్వరమ్మ ముఖంలో నాకు కనపడింది దిగులు కాదు, ఊరట. “మా నోటితో చెప్తే యెవురు నమ్ముతారు సారూ? తక్కెడ చెప్పింది గదా. ఇంగ పంపీ,” అంది.

చిత్తు రాసి, పొట్టి సంతకం పెట్టి, అలవాటుగా పక్కకు చాచాను. తీసుకునేవాడు లేడు. నా సొంత ఫోను నుంచి కడపకు చేశాను.

“మీరే కొట్టుకోండి సార్, నాదేం పోయింది?” అన్నాడు మస్తాన్ వలి. “కాకుంటే టైపిస్టు తప్ప ఎవరూ ముట్టగూడదని ఆర్డరు మీరే రాసినారు. నేను ఫోను అప్పజెప్పినాను గానీ, వాడుకోమని ఆ కాగితంలో లేదు సార్.”

అక్షరం తప్పు పట్టలేం. నా శిష్యుడే. రేపు తొలి బస్సుకు వచ్చెయ్యమని చెప్పి పెట్టేశాను.

“నిలబడి ఏమి చూస్తాండావు సారూ?” అని అడిగింది ఈశ్వరమ్మ. సంగతి చెప్పాను. “సంతకం పెట్టినోడివి నువ్వే గదా, నువ్వే కొడితే ఏమైతాది?”

“అది నా పని గాదమ్మా. తప్పు పోతే దిద్దేదానికుండదు. పొద్దున్నే మస్తాన్ వచ్చి పంపిస్తాడు. ఒక్క పూటకు ఏమీ గాదులే.”

కింద గీత గీసిన నోటుబుక్కు ఆ మాటన్నప్పుడు నా జేబులోనే ఉంది. తప్పు పోతుందన్న భయం కూడా సగం నటనే. పదిమంది కూలీలు చూస్తుండగా గట్టు మీద గొంతుక్కూర్చుని టైపు కొట్టడం నాకు నామోషీ అనిపించింది. దాన్ని తలుచుకుంటే ఇప్పటికీ నా మీద నాకే రోత.

మస్తాన్ వలి మొక్కు సగంలో వదిలి తొలి బస్సుకే వచ్చాడు. తొమ్మిదికి పంపాడు. ‘తేదీ ముగిసినది’ అని తిరుగు జవాబు వచ్చింది. రేగడికొట్టాలకు అయిదేళ్ల సగటు పడింది, అందులో రెండు మంచి ఏళ్లు. కంప్యూటరు లెక్కన ఆ ఏడు ఆ ఊళ్లో శనగ విరగపండింది. సాక్షుల వేలిముద్రలున్న కాగితాలు పట్టుకుని నేను జిల్లా ఆఫీసుకు పోయాను. అక్కడి పెద్దాయన మంచివాడు. టీ తెప్పించి, “నీ లెక్క కరెక్టేనప్పా, మిషను ఒప్పుకోదు,” అన్నాడు. వారం తిరక్కుండా సంజాయిషీ కోరుతూ నాకు మెమో పంపిందీ ఆయనే.

ఉత్తరం, దాని జవాబు, ఆఫీసు ఆర్డరు, సెలవు చీటీ, ఫోను రసీదు వరసగా జతచేసి సంజాయిషీ ఇచ్చాను. టైపు మస్తాన్ వలిదే, ఒక్క తప్పు లేదు. ఎవరి విధి అన్నది స్పష్టంగా లేనందున ఎవరిదీ బాధ్యత కాదని తేల్చి మెమో ఎత్తేశారు. రికార్డులు చక్కగా ఉంచినందుకు మెప్పు కూడా రాశారు. ఊరి సంగతి ఆ ఫైల్లో ఎక్కడా లేదు.

ఎండాకాలంలో ఈశ్వరమ్మ ఇంటికి పోయి, ఇంక ఏమీ రాదని చెప్పాను. ఎద్దులను కట్టేసే గాటిపాట అప్పటికే ఖాళీ. తిడుతుందనుకున్నాను, తిడితే బాగుండేది.

“ఒకటి అడుగుతా చెప్పు సారూ. ఆ పొద్దు నువ్వు కొట్టింటే పొయ్యేదా?”

“పొయ్యేదమ్మా.”

“ఎంతసేపు పట్టేది?”

తెలీదన్నాను. నిజంగానే తెలీదు, ఎప్పుడూ కొట్టి చూడలేదు.

“తెలుసుకో సారూ,” అని చేట తీసుకుని లోపలికి పోయింది.

మరుసటి పంటకు ఆ ఆర్డరు రద్దు చేసి నేనే గట్టు మీద కూర్చున్నాను. ఒంటివేలితో బటన్లు వెతుక్కుంటూ కొట్టి, పంపి, వాచీ చూసుకున్నాను. రెండు నిమిషాలకు కాస్త తక్కువ. ఇది ఎవరి పని అని ఫైలు నడిపే ముందు, ఎంతసేపటి పనో ఒకసారి చేసి చూడాలి. నేను ఒక పంట ఆలస్యంగా చూశాను.