బెల్టు కట్టుకుని ఆడిన ఆట

మా ఆయనకు ఎత్తంటే భయం పట్టుకుందని నాకు తెలిసింది మా ఇంట్లో బల్బు మాడిపోయిన రోజున. ఎత్తు పీట వేసుకుని ఒక కాలు పైన పెట్టాడు. రెండో కాలు నేల మీద నుంచి లేవలేదు. కాసేపు అట్లాగే గోడ పట్టుకుని నిలబడి, ‘‘హోల్డర్ వదులైనట్టుంది, సాయంత్రం చూస్తాలే’’ అని దిగిపోయాడు. ఇరవై ఏళ్ళు కరెంటు స్తంభాలెక్కి బతికిన మనిషి. ఆయన బయటికి పోయినప్పుడు నేనే పీటెక్కి బల్బు మార్చాను. తిరిగొచ్చి వెలుగు చూశాడు, నా మొహం చూశాడు, అన్నం పెట్టమన్నాడు.

మాది కారంపూడి. ఆయన ఒక మేస్త్రి ముఠాలో కొత్త లైన్ల పని చేస్తాడు. స్తంభాలు పాతడం, తీగలు లాగడం. ఆ ఏడు వానాకాలం మొదట్లో వెల్దుర్తి దారిలో పని చేస్తూ పైనుంచి జారిపడ్డాడు. వాన వెలిసిన పూట, కాలి కింద తడి. బెల్టు ఒకచోట తీసి ఇంకోచోట తగిలించుకునే ఆ రెండు క్షణాల్లోనే జారిందట. రెండు నిలువుల ఎత్తు. కింద దున్నిపెట్టిన నల్లరేగడి చేను కాబట్టి మడమ చిట్లి ఊరుకుంది. మూడు నెలలకు కాలు బాగైంది, ఇక పనికి పోవచ్చని డాక్టరు చెప్పాడు. ఎముక అతుక్కున్న సంగతి డాక్టరుకు తెలుసు. పీట దగ్గర ఆగిపోయిన కాలు సంగతి నాకొక్కదానికే తెలుసు.

దసరాకు పది రోజుల ముందు మేస్త్రి ఇంటికొచ్చాడు. వరసకు నన్ను చెల్లెమ్మా అంటాడు, ఆయన్ను బావా అంటాడు. టీ తాగి గ్లాసు కింద పెట్టి, ‘‘బావా, పండగైన సోమవారం గురజాల పక్క కొత్త లైను మొదలుపెడతన్నాం. ఆ పొద్దు నా ముందర ఒక్క స్తంభం ఎక్కి దిగు. ఎక్కితే నీ జాగా నీది. లేదంటే ఇంకొకణ్ణి పెట్టుకోక తప్పదు’’ అన్నాడు.

‘‘పైకెక్కకపోతే గుంటలు తవ్వుతా.’’

‘‘గుంటలకు మిషనొచ్చింది బావా.’’

మా ఆయన నవ్వాడు. మేస్త్రి నవ్వలేదు. ఆ రోజు నుంచి నాకు రెండు దిగుళ్ళు పట్టుకున్నాయి. ఎక్కలేకపోతే ఇల్లు ఎట్లా గడుస్తుందన్నది ఒక దిగులు. ఎక్కగలిగితే, మళ్ళీ అంత ఎత్తున ఆయన ఉంటాడన్నది ఇంకో దిగులు. ఏది కావాలని దేవుణ్ణి అడగాలో తెలియక దీపం పెట్టి ఊరికే నిలబడేదాన్ని.

మా అమ్మాయి నరసరావుపేటలో ఇంజనీరింగ్ మూడో ఏడు చదువుతోంది. పీట సంగతి నేను ఫోన్లో చెప్పి ఏడ్చాను. దసరా సెలవులకు వచ్చేటప్పుడు అది ఒక నల్ల డబ్బా మోసుకొచ్చింది. లోపల పెద్ద కళ్ళజోడు లాంటి వస్తువు, రెండు చేతులకు రెండు పిడులు. కాలేజీ ల్యాబుదట. సంతకం పెట్టి సెలవులకు తెచ్చుకుంది, సెలవులైపోయిన మంగళవారానికి తిరిగి అప్పజెప్పాలి.

‘‘దీన్ని వీఆర్ అంటారమ్మా. కళ్ళకు పెట్టుకుంటే కొండ మీదున్నట్టే ఉంటది. ఎత్తంటే భయమున్నోళ్ళకు దీంతో కొంచెం కొంచెంగా అలవాటు చేపిస్తారంట. మా సారు చెప్పాడు. పడిపోయేది ఉండదు, ఎత్తు మటుకు ఉంటది.’’

అయితే అందులో కాలేజీ పాఠాలే ఉన్నాయి, గుండె బొమ్మ, ఇంజను బొమ్మ. ఎత్తుల మీద నడిచే ఆటలు విడిగా కొనుక్కోవాలి. అమ్మాయితో చదివే ఒక పిల్లవాడు ఫోన్లో ఏదో లింకు పంపాడు. అందులో వంద ఆటలున్నాయట, రూపాయి అక్కర్లేదట.

మా ఆయన అంతవరకూ పట్టనట్టు కూర్చుని ఉన్నాడు. అప్పుడు తలెత్తాడు.

‘‘ఆ ఆటలు చేసినోళ్ళకు డబ్బు పోద్దా?’’

‘‘పోదు నాన్నా. ఎవరో తాళం పగలగొట్టి పెట్టారు.’’

‘‘అయితే కొక్కేలే కదమ్మా.’’

కొక్కేలంటే, మీటరు లేకుండా తీగకు వైరు తగిలించి కరెంటు లాక్కోవడం. అవి కంటపడితే ఆయన ఊరుకోడు. మా తమ్ముడు కొడుకు పుట్టెంట్రుకల పండగకు పందిట్లో లైట్లకు కొక్కెం వేస్తే, భోజనాలు జరుగుతుండగా పోయి పీకేశాడు. చీకట్లో విస్తళ్ళు వెతుక్కుని తిన్నారు జనం. మా తమ్ముడు రెండేళ్ళు మా గడప తొక్కలేదు. నేనూ చానా రోజులు ఆయనతో మాట్లాడలేదు. ఆయన మాత్రం, ‘‘ఆడు వేసిన కొక్కెం వల్ల ఇంకెక్కడో తీగ తెగితే పైనుండే నాలాంటోడు పోతాడు’’ అని ఒకే మాట మీద ఉన్నాడు. అట్లాంటి మనిషి దొంగ ఆట ఆడి భయం పోగొట్టుకుంటాడా?

అమ్మాయి ఆ లింకు తీసేసింది. ‘‘నాకూ భయంగానే ఉందిలే నాన్నా. ఆ దొంగవాటితో వైరస్ పురుగు దూరి డబ్బా చెడిపోతే కాలేజీకి నేనే కట్టాల.’’

తర్వాత చాప మీద కూర్చుని తండ్రికి వివరంగా చెప్పింది. ఆటలు చేసినవాళ్ళే కొన్నిటిని రుచి చూడమని ఉచితంగా పెడతారు. వాటిని డెమో అంటారు, అవి ముందు చూద్దామంది. పండగలకు దుకాణంలో ధరలు తగ్గుతాయి. కావలసినవి ముందే గుర్తుపెట్టుకుంటే తగ్గినప్పుడు వాళ్ళే మెయిల్ పంపుతారు. అట్లా రెండిటిని గుర్తుపెట్టి తను పది రోజులుగా ఎదురుచూస్తోందట. నెలకింత అని కట్టి బోలెడు ఆటలు ఆడుకోవచ్చు, వద్దనుకుంటే నెల తిరక్కముందే ఆపేయొచ్చు. కానీ ఈ నెల వాటిలో ఎత్తు ఆటలు లేవు. ఇక చివరిది, కొన్న ఆట సరిపడకపోతే పద్నాలుగు రోజుల్లోపు వాపస్ ఇచ్చేయొచ్చు, మొత్తం ఆడింది రెండు గంటలు దాటకుండా ఉంటే.

‘‘కట్టిన చీర ఎవరన్నా వాపస్ తీసుకుంటారా ఏందే?’’ అన్నాను నేను.

‘‘మీటరుందిగా’’ అన్నాడు ఆయన. ‘‘రెండు గంటలు తిరిగిందాకా ఆళ్ళది. తిరిగినాక మనది. న్యాయంగానే ఉంది.’’

డెమోలో మబ్బుల మధ్య బుట్టలో కూర్చోవడమే, మూడు నిమిషాలకు అయిపోయింది. తర్వాత అమ్మాయి ఒక ఆట కొంది. అద్దాల లిఫ్టులో పైకి పోవడం. ఆయనకు తల తిరిగి దొడ్లోకి పోయి వాంతి చేసుకున్నాడు. అమ్మాయి అప్పటికప్పుడే వాపస్ పెట్టింది. మూడో రోజుకు డబ్బు వెనక్కొచ్చింది, మెసేజ్ చూసేదాకా నేను నమ్మలేదు. ఈలోగా గుర్తుపెట్టుకున్న రెండిటి ధరా సగానికి తగ్గింది. ఒకటి, ఎత్తైన మేడ మీద నుంచి బయటికి చాపిన పలక మీద నడవడం. ఇంకొకటి టవర్ ఎక్కడం. రెండూ కొనే స్తోమత మాకు లేదు. ముందు పలక ఆట చూసి, పనికిరాకపోతే వాపస్ ఇచ్చి టవర్ ఆట తీసుకుందాం అనుకున్నారు తండ్రీ కూతుళ్ళు.

అమ్మాయి ఆయన కళ్ళకు ఆ డబ్బా పెట్టబోతుంటే ఆయన లేచి పోయి, మేకుకు తగిలించిన పని బెల్టు తెచ్చుకున్నాడు. పడిన రోజు నుంచి దాన్ని ఆయన ముట్టలేదు. మట్టి కడిగి నేనే తగిలించాను.

‘‘నాన్నా, ఇంట్లోనే ఉన్నావు కదా.’’

‘‘బెల్టు లేకుండా అంత ఎత్తున నిలబెట్టే ఆటేందే.’’

నడుముకు బిగించి, తాడు కిటికీ చువ్వకు తగిలించాడు. అమ్మాయి నవ్వింది గానీ, తండ్రి తాడు లాగి లాగి చూసుకోవడం చూసి ఆపేసింది. కాలికి పలక అంచు తెలియాలని పాత మంచం పట్టె ఒకటి నేల మీద వేశాను. మొదటి రోజు దాని మీద ఒక్క అడుగు వేశాడు. రెండో రోజు రెండు. చొక్కా పిండితే నీళ్ళు కారేట్టుంది. పండగ వెళ్ళిపోయింది, సోమవారానికి ఐదు రోజులే ఉంది.

మరుసటి రోజు కాలు చూపించుకోవడానికి తండ్రీ కూతుళ్ళు గురజాల పోయారు. వాళ్ళటు పోగానే పక్కింటి పెద్దమ్మ వచ్చింది, వెనక మరో నలుగురు.

‘‘ఏమే, మీ ఆయన కళ్ళకు గంతలు కట్టుకుని ఆకాశంలో తిరుగుతన్నాడంటగా. మాకూ చూపెట్టు, నీ సొమ్మేం పోయింది.’’

కాదని ఎట్లా అంటాను? ఆయన మంచాన ఉన్న మూడు నెలలూ ఆ ఐదుగురూ వంతులేసుకుని మా ఇంటికి కూరలు పంపిన వాళ్ళు. అమ్మాయి చెయ్యగా చూసి ఉన్నాను కాబట్టి ఆట పెట్టాను. పెద్దమ్మ మంచం మీద కూర్చుని మెడ తిప్పి తిప్పి చూసింది.

‘‘మన ఊరు కనపడట్లేదేందే?’’

‘‘ఇది మన ఊరు కాదు పెద్దమ్మా.’’

‘‘ఎవరిదైతే ఏంది, కింద ఒక్క మనిషన్నా లేడే. ఇంత ఊరు కట్టుకుని అందరూ ఎటు పోయారు?’’

ఒకరి తర్వాత ఒకరు పెట్టుకున్నారు. ఒకామె కళ్ళు మూసుకునే కూర్చుని బాగుందంది. టీలు పెట్టాను, కబుర్లు పడ్డాయి. ఒకరు తీస్తే ఇంకొకరు, డబ్బా చల్లారనే లేదు. మీటరు సంగతి నాకు గుర్తే లేదు.

సాయంత్రం అమ్మాయి వచ్చి చూసుకుంది. అరవలేదు. డబ్బా ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ‘‘అమ్మా, రెండు గంటలు దాటింది. ఇంక వాపస్ తీసుకోరు.’’

టవర్ ఆట ఇక లేదు. ఆయన జాగా నేనే పోగొట్టాననుకున్నాను. ఆయన అన్నం ముందు కూర్చుని, పెద్దమ్మ ఏమందో చెప్పమన్నాడు. భయపడుతూ చెప్పాను.

‘‘నిజమే చెప్పింది’’ అన్నాడు. ‘‘కింద మనిషి లేడు. అందుకే కాలాడట్లేదు.’’

పడిన రోజు సంగతి అప్పుడు మొదటిసారిగా నోరు విప్పి చెప్పాడు. పైనున్నవాడు బెల్టు మార్చుకునే ముందు ‘కింద చూసుకో’ అని కేకేస్తాడు. కింద నిలబడ్డవాడు ‘చూసుకున్నా’ అని జవాబిస్తాడు. ముఠాలో అది రివాజు. ఆ రోజు ఆయన కేకేశాడు. జవాబు వచ్చేలోపే కాలు జారింది.

‘‘కళ్ళు మూస్తే ఆ కేక ఇంకా గాల్లోనే ఉన్నట్టుంటది’’ అన్నాడు.

మరునాడు నేను మంచం పట్టె పక్కన నిలబడ్డాను. ఆయన కళ్ళకు డబ్బా, నడుముకు బెల్టు.

‘‘కింద చూసుకో.’’

‘‘చూసుకున్నా’’ అన్నాను.

‘‘ఆ గొంతు పైదాకా వస్తదా? గట్టిగా చెప్పు.’’

గట్టిగా చెప్పాను. పక్కింట్లో పెద్దమ్మ, ‘‘ఏందే, ఏం చూసుకున్నావు?’’ అని అరిచింది. ఆయన నవ్వుతూనే ఒక అడుగు వేశాడు, ఇంకొకటి వేశాడు. పలక చివరికి పోయి నిలబడి కిందికి చూశాడు. వెంటనే వెనక్కి రాలేదు. ఆ మూడు రోజులూ అట్లాగే చేశాం. ఆదివారం మధ్యాహ్నం పీట వేసుకుని ఎక్కి, వెలుగుతున్న బల్బు ఆర్పి తీసి, దుమ్ము తుడిచి మళ్ళీ పెట్టాడు.

సోమవారం నేనూ వెంట పోయాను.

‘‘నువ్వెందుకొచ్చావు చెల్లెమ్మా?’’ అన్నాడు మేస్త్రి.

‘‘మాత్రలు మరిచిపోతాడని’’ అన్నాను. మాత్రలు ఆగిపోయి నెల దాటింది.

కొత్త స్తంభం, తీగలింకా వెయ్యలేదు. ఆయన బెల్టు రెండుసార్లు లాగి చూసుకుని ఎక్కడం మొదలుపెట్టాడు. సగం దాకా పోయి ఆగాడు. ఆయన చెయ్యి ఇనుము మీద బిగుసుకుపోయి ఉంది. ‘దిగిరావయ్యా, ఏదో ఒకటి తిని బతుకుదాం’ అన్న మాట నా నోటి చివర దాకా వచ్చింది. అది అనాలనే ఉంది నాకు. ఇప్పటికీ ఒప్పుకుంటాను.

పైనుంచి కేక వినపడింది. ‘‘కింద చూసుకో.’’

ముఠా మనిషి నోరు తెరిచేలోపే నేను, ‘‘చూసుకున్నా’’ అన్నాను. ఇద్దరు ముగ్గురు నవ్వారు. ఆయన బెల్టు మార్చుకుని పైకి పోయాడు. చివర దాకా పోయి, స్తంభం కొన తట్టి, దిగాడు. మేస్త్రి పనిముట్ల సంచి తెచ్చి ఆయన కాళ్ళ దగ్గర పెట్టాడు.

మంగళవారం పొద్దున్నే ఆయన పనికి పోయాడు. అమ్మాయి బస్సుకు ఇంకా గంట టైముంది. నాకోసారి పెట్టమని అడిగాను. ఇన్నాళ్ళూ నేను అది పెట్టుకోలేదు. మంచం పట్టె మీద నిలబడ్డాను. ఎదురుగా గాలి తప్ప ఏమీ లేదు. నా కాలు కదల్లేదు, ఒక్క అడుగు కూడా. తీసెయ్యమన్నాను.

‘‘ఏం కనపడిందమ్మా?’’

‘‘చానా ఎత్తు’’ అన్నాను.

అది డబ్బా సర్దుకుంటూ, ‘‘ఆట నా అకౌంటులోనే ఉంటదిలే, కొన్నదేగా. మళ్ళీ డబ్బా తెచ్చినప్పుడు ఆడుకోవచ్చు’’ అని నన్ను ఊరడించి బస్సెక్కింది. ఆ సాయంత్రం మబ్బు పట్టి నాలుగు చినుకులు పడ్డాయి. ఆయన బండి చప్పుడు వినపడేదాకా వాకిట్లోనే నిలబడ్డాను. ఇప్పుడూ అంతే. వాన పడితే చాలు, చేస్తున్న పని వదిలి వాకిట్లోకి వస్తాను.