మా మామగారు రాసిన తప్పు అంకె

మా మామగారు మొన్న మంగళవారం పొద్దున కన్నుమూశారు. నూజివీడు బజారులో తాళ్ళు, మేకులు, సున్నం, తోటలవాళ్ళకి కావలసిన ఇనప సామాను అమ్మే కొట్టు ఆయనది. ఒకప్పుడు అదే కొట్టులో తుపాకీ తూటాలు కూడా అమ్మేవారు. ఈ చుట్టుపక్కల మామిడితోట ఉన్న ప్రతివారికీ ఆయన తెలుసు. చివరిచూపుకి చాలామందే వచ్చారు. వాళ్ళలో ఇద్దరు అరుగు మీద కూర్చుని మాట్లాడుకుంటుంటే, మంచినీళ్ళు ఇవ్వడానికి వెళ్ళిన నా చెవిన పడింది.

“పాపం, మనిషి మంచివాడేనండీ. ఏం లాభం? తప్పు తూటా ఇచ్చి కన్నకొడుకుని తనే చంపుకున్నాడు.”

“ఆ దిగులుతోనే ఇన్నాళ్ళూ నెట్టుకొచ్చాడు లెండి.”

చెంబు అక్కడే పెట్టి లోపలికి వచ్చేశాను. ఆ కొడుకు నా భర్త. ఆరేళ్ళుగా ఊరంతా అనుకుంటున్న మాట అదే, అది అబద్ధం. ఆయనతోపాటే ఆ మాట కూడా కాలిపోతుందనుకున్నాను. అది పోలేదు, మా అరుగు మీదే కాళ్ళు చాపుకుని కూర్చుంది. అందుకే ఇది రాస్తున్నాను. ఆయన పేరుకి అంటిన మచ్చ ఆయనది కాదని నాలుగు అక్షరాల్లో ఉండాలి.

నయాపైసలు కొత్తగా వచ్చిన ఏడు నేను ఆ ఇంటి కోడలినయ్యాను. అత్తగారు అప్పటికే లేరు. ఇంట్లో తండ్రీకొడుకులిద్దరే. కోడిగుడ్డు కూడా గడప దాటి లోపలికి రాని ఇల్లు. అలాంటి ఇంట్లో, కొట్టుకి ఆనుకుని ఉన్న ముందుగదిలో, బీరువా నిండా తూటాలు చూసి నేను బిత్తరపోయాను. మామగారు జన్మలో ఒక్కసారి కూడా తుపాకీ పేల్చి ఎరగరు. దీపావళికి వీధిలో టపాకాయలు కాలుస్తుంటే చెవుల్లో దూది పెట్టుకునేవారు. ‘పిచ్చుకనైనా కొట్టని తుపాకుల శెట్టిగారు’ అని బజారులో వేళాకోళం చేసేవారు. ఆయన నవ్వేవారు కాదు. మొండి మనిషి, చెప్పిందే పదిసార్లు చెప్పే మనిషి. ఆ రోజుల్లో నాకు ఆయనంటే భయం కంటే విసుగే ఎక్కువ.

కాపురానికి వచ్చిన నెలలోనే నన్ను ఆ బీరువా ముందు కూర్చోబెట్టారు. నేను ఎస్సెల్సీ పాసయ్యానని ఆయనకి గురి. రెండు తూటాలు నా ముందు పెట్టారు. ఒకదాని ఇత్తడి అడుగున పన్నెండు అని ఉంది, రెండోదాని అడుగున ఇరవై.

“ఏది పెద్దదమ్మా?”

“ఇరవైదండీ,” అన్నాను, సరిగ్గా చూడకుండానే.

“అంకె చూసి కాదు, తూటా చూసి చెప్పు.”

చూస్తే ఇరవైదే సన్నగా ఉంది. నాకు సిగ్గేసింది.

“తుపాకుల లెక్క తిరగేసి ఉంటుంది. అంకె పెరిగేకొద్దీ గొట్టం సన్నబడుతుంది. చదువుకున్నదానివి, నువ్వే తప్పు చెప్పావు. తోట కాపలావాడి మాటేమిటి?”

తరువాత పాత తుపాకీ గొట్టం ఒకటి తెచ్చి చూపించారు. పన్నెండుది ఇరవై నంబరు తుపాకీలో పట్టదు, తుపాకీయే వద్దంటుంది, దానితో భయం లేదు. ఇరవైది పన్నెండు నంబరు తుపాకీలో పెడితే గొంతులోకి జారిపోయి అక్కడ ఇరుక్కుంటుంది. మీట నొక్కితే పేలదు. తెరిచి చూస్తే ఖాళీగా కనిపిస్తుంది. తూటా పెట్టడం మరిచిపోయాననుకుని మనిషి దాని వెనక అసలైన పన్నెండుది పెడతాడు. ఈసారి పేలుతుంది. ముందుకి దారి లేదు కాబట్టి గొట్టమే పగులుతుంది, దాన్ని పట్టుకున్న చెయ్యి దగ్గర, ముఖం పక్కన.

“పట్టినంత మాత్రాన సరిపోయినట్టు కాదమ్మా,” అన్నారు చివరికి. చెప్పులు కొన్నా, పెళ్ళి సంబంధం చూసినా ఆయన నోట ఇదే మాట. ఎవరి సంబంధం చూస్తున్నా నా వైపు చూసి అనేవారని మా ఆయన నన్ను ఏడిపించేవారు.

తూటాలు కావాలంటే తుపాకీ కొట్టుకి తేవలసిందే. లైసెన్సు కాయితం ఒక్కటే తెస్తే చాలదు. తుపాకీని మడత దగ్గర తెరిచి, గొట్టం అడుగున కొట్టిన అంకె తన కళ్ళతో చదివితేగాని బీరువా తాళం తీసేవారు కాదు. చింతలపూడి నుంచి ఒక రైతు కాల్చేసిన ఖాళీ తూటా ఒకటి నమూనాగా జేబులో వేసుకుని వచ్చాడు. ఆ ఎండలో బస్సు దిగి వచ్చిన మనిషి.

“అచ్చం ఇలాంటివే ఇప్పించండి శెట్టిగారూ.”

“తుపాకీ తీసుకురండి.”

“ఇంట్లో ఉందండీ, చింతలపూడిలో! మళ్ళీ వెళ్ళి రమ్మంటారా ఏంటి?”

“మీ ఇంట్లో ఎన్ని తుపాకులున్నాయి?”

“రెండండీ. ఒకటి మా తాతగారిది.”

“ఈ ఖాళీ రెంటిలో దేనిది?”

ఆ రైతు ఖాళీ తూటాని అటూ ఇటూ తిప్పి చూసి, మళ్ళీ జేబులో వేసుకున్నాడు. మామగారు ఆయన్ని లోపలికి పిలిచి, మాగాయతో కడుపునిండా భోజనం పెట్టించి, వట్టి చేతులతో పంపించారు. వారం తిరిగేసరికి ఆ రైతు రెండు తుపాకులూ గోనెలో చుట్టుకుని వచ్చాడు.

తూటాలన్నీ ఎర్ర కాయితానివే. పన్నెండుది ఎరుపే, ఇరవైది ఎరుపే. అడుగున ఉన్న ఇంగ్లీషు అంకెలు కాపలావాళ్ళకి తెలియవు. అందుకని ప్రతి తూటా పైనున్న అట్ట బిళ్ళ మీద, తడిపితే ఊదారంగు తేలే పెన్సిలుతో ౧౨ అనో ౨౦ అనో తెలుగులో వేసేవారు. పెన్సిలు నాలుకకి అద్దడం, అడుగు చదవడం, పైన రాయడం. వందల తూటాలకి అదే వరస. సాయంత్రానికి నాలుక ఊదాగా ఉండేది. ఇంకో నియమం కూడా ఉండేది. గడప దాటిన తూటాని మళ్ళీ లోపలికి రానిచ్చేవారు కాదు. “బయట అది ఏ సంచిలో పడుకుందో మనకేం తెలుసు?” అనేవారు.

మా ఆయనకి కొట్టు పట్టలేదు. కాపు మీదున్న తోటలు గుత్తకి తీసుకుని రసాలు, బంగినపల్లి ఎగుమతి చేసేవారు. జి. కొండూరు వైపు తీసుకున్న తోటలో కోతుల బెడద ఎక్కువ. బెదిరించడానికని పన్నెండు నంబరు తుపాకీ లైసెన్సు తెచ్చుకున్నారు. మామగారు నెలరోజులు కొడుకుతో మాట్లాడలేదు. ఆ తరువాత ఆయనే తూటాలు ఇచ్చేవారు, ఒక్కొక్కటీ లెక్కపెట్టి, ఒక్కొక్కదాని మీదా రాసి.

చైనాతో యుద్ధం వచ్చాక తూటాలు దొరకడం గగనమైపోయింది. మా బీరువా కూడా సగం ఖాళీ. కోతులకి యుద్ధంతో ఏం పని? కాయ ముదిరేసరికి తోటల మీద పడ్డాయి. ఆ ఏడు తోటలవాళ్ళు ఒకరి దగ్గర ఒకరు తూటాలు చేబదులు తీసుకోవడం మొదలుపెట్టారు, ఇళ్ళలో కాఫీపొడి తీసుకున్నట్టు. ఇవాళ నాలుగు ఇవ్వడం, దొరికినప్పుడు నాలుగు తిరిగి పుచ్చుకోవడం. మా ఆయన కూడా పక్కతోటకి పది ఇచ్చారు. తండ్రికి చెప్పలేదు. నాకు చెప్పారు.

మామగారు సరుకు కోసం బెజవాడ వెళ్ళిన రోజు, మిట్టమధ్యాహ్నం, పక్కతోట కాపలాదారు పెరటి గుమ్మం దగ్గరికి వచ్చాడు. వార్తాపత్రికలో చుట్టిన పొట్లం ఇచ్చి, “బాబుగారికి ఇమ్మన్నారండీ, పదీ ఉన్నాయి,” అన్నాడు. పొయ్యి మీద పప్పు పొంగుతోంది. నాకు అప్పుడు నాలుగో నెల, ఆ వాసనకి కడుపులో తిప్పుతోంది. పొట్లం విప్పి తూటాలు మా ఆయన గుడ్డసంచిలో పోశాను. పోస్తుంటే ఒకటి వేళ్ళకి సన్నగా తగిలింది.

తగిలింది. తెలియలేదని చెప్పను. ఊరిలో ఏ ఆడదానికీ తెలియని సంగతి నాకు నేర్పిన మనిషి ఉన్నారు, నా వేళ్ళకి తెలిసింది. పప్పు దించి వచ్చి చూద్దామనుకున్నాను. దించాను. తరువాత పడుకున్నాను. తరువాత మరిచిపోయాను.

మర్నాడు పొద్దున్నే మా ఆయన సంచి తీసుకుని తోటకి వెళ్ళారు. కోతుల గుంపు వచ్చిందట. తూటా పెట్టి నొక్కితే పేలలేదట. తెరిచి చూసి, “తూటా పెట్టకుండానే నొక్కానురా,” అని నవ్వారట. ఇంకోటి పెట్టారు. ఆ నవ్వు సంగతి చెప్పింది మా తోట కాపలాదారే. బెజవాడ ఆసుపత్రికి జీపులో తీసుకువెళ్తుంటే దారిలోనే ప్రాణం పోయింది.

పోలీసులు వచ్చేలోపు ఎవరో తుపాకీనీ సంచినీ ఇంటికి చేర్చారు. అప్పుడే బస్సు దిగి వచ్చిన మామగారు వాటిని ముందుగదిలో పెట్టుకుని కూర్చున్నారు. నేను నడవలో శవం పక్కన ఉన్నాను. తలుపు తెరిచే ఉంది. పక్కతోట కాపలాదారు వచ్చి ఆయన కాళ్ళ దగ్గర కూలబడ్డాడు.

“నిన్న నేనే తెచ్చానండీ. అమ్మగారి చేతికిచ్చానండీ.”

మామగారు తల తిప్పి నా వైపు చూశారు. మళ్ళీ వాడి వైపు తిరిగారు.

“నువ్వు ఏమీ తేలేదు. నిన్న నువ్వు మా ఇంటికి రాలేదు. అర్థమైందా? వెళ్ళు.”

వాడు వెళ్ళాక సంచి బోర్లించారు. మిగిలిన తూటాల పైబిళ్ళలన్నీ తెల్లగా ఉన్నాయి, ఒక్కదాని మీదా ఆయన రాత లేదు. జేబులోంచి పెన్సిలు తీశారు. నాలుకకి అద్దుకుని, అడుగు చదివి, పైన ౧౨ వేశారు. ఒకటి, ఇంకొకటి, ఇంకొకటి. చివరగా ఒకదాని అడుగు చదివి ఆగిపోయారు. అది కూడా ఇరవైదే. రెండోది. దాన్ని చాలాసేపు చేతిలో పట్టుకున్నారు. తరువాత దాని మీద కూడా ౧౨ అనే వేశారు.

ఇన్‌స్పెక్టరు వచ్చాక ఆ తూటానే ముందుకి జరిపారు. “రాత నాదేనండీ. బజారులో ఎవరినైనా అడగండి. ఇరవైదాని మీద పన్నెండు వేశాను. నా కొడుకు నా రాత నమ్మాడు.” మాట్లాడుతున్నంతసేపూ ఆయన పెదవులు ఊదాగా ఉన్నాయి. తూటాల లైసెన్సు తీసేశారు. బీరువాలో మేకులు పోసుకున్నాం. ఆ తరువాత ఆయన పెన్సిలు ముట్టుకోలేదు, కొట్టులో రాతకోతలన్నీ నేనే చూశాను.

పెద్దకర్మ నాడు బంధువులు నన్ను పుట్టింటికి పంపేయమన్నారు. పాదం మంచిది కాదన్నారు. “ఈ ఇంట్లో తప్పు చేసినవాణ్ణి నేను. పంపితే నన్ను పంపండి,” అన్నారు మామగారు. నాకు ఆడపిల్ల పుట్టింది. దాన్ని భుజాన వేసుకుని ఆయన బజారంతా తిప్పారు. నన్ను కొట్టులో కూర్చోబెట్టి వ్యాపారం నేర్పారు. ఇవాళ నేను, నా కూతురు ఒకరి ముందు చెయ్యి చాపకుండా తింటున్నామంటే ఆయన పుణ్యమే. నేను వండిందే తిన్నారు, నేనిచ్చిన మందే వేసుకున్నారు. కానీ ఆరేళ్ళలో నా ముఖంలోకి మాత్రం ఒక్కసారి చూడలేదు.

ఆయన పోవడానికి పదిరోజుల ముందు నాకు ఇక ఉండబట్టలేదు. మధ్యాహ్నం మజ్జిగ తీసుకువెళ్ళి మంచం పక్కన కూర్చున్నాను.

“మామయ్యగారూ, ఆ రోజు ఆ పొట్లం...”

“చెప్పకమ్మా.”

“తూటా నా చేతికి తగిలిందండీ, అయినా...”

“చెప్పొద్దన్నానా!” కేక వేసినంత పని చేశారు. ఆయాసం తగ్గాక, చాలా మెల్లగా అన్నారు: “నువ్వు చెబితే నేను క్షమించానని అనాలి. ప్రయత్నం చేశానమ్మా. నా వల్ల కాలేదు. నువ్వు చెప్పకపోతే నాకు ఆ పని ఉండదు.”

మజ్జిగ గ్లాసు అందుకుని, మొత్తం తాగి, నా చేతికిచ్చి, గోడ వైపు తిరిగి పడుకున్నారు. పాప బడినుంచి వచ్చేదాకా నేను అక్కడే కూర్చున్నాను. నిద్రపోలేదని నాకు తెలుసు, ఆయన వీపు ఊపిరికి ఆగి ఆగి లేస్తూ పడుతూ ఉంది.