గుండ్రటి చక్రం, పోయిన మూల

నా మొగుడు వెర్లిన్ ముప్ఫై ఒక్క ఏళ్ళు అమెరికాలో డులూత్ ఊరి చుట్టుపక్కల రోడ్ల మీద మంచు తీసే బండి నడిపాడు. ఇప్పుడు కుర్చీలోంచి లేవకుండా పాత కంప్యూటర్ ఆటల్లో సాగిపోయిన బొమ్మలు సరిచేస్తుంటాడు. రెండూ ఒకటే పని అంటాడు. ఎంత తీసినా మళ్ళీ పడుతుందట.

పాత ఆటలన్నీ దాదాపు చదరంగా ఉండే తెరల కోసం చేసినవి. ఇప్పటి తెరలు వెడల్పు. ఆ బొమ్మనే అడ్డంగా లాగి పరిచేసరికి మనుషులు పొట్టిగా, లావుగా అయిపోతారు, చంద్రుడు కోడిగుడ్డులా కనిపిస్తాడు. వెర్లిన్ ఆట ఫైలు తెరిచి, లక్షల అంకెల మధ్య తెర కొలత ఎక్కడ దాక్కుందో వెతికి మారుస్తాడు. ఒక్కో ఆటకి మూడు రోజులు పట్టొచ్చు, మూడు వారాలూ పట్టొచ్చు. ఊరూ పేరూ తెలియనివాళ్ళు ఇంటర్నెట్‌లో అడుగుతారు. చేసిపెడితే థాంక్స్ బదులు ఇంకో ఆట పేరు చెప్తారు. కళ్ళు ఎర్రబడి, మెడ పట్టేసి, మనిషి సగం అయిపోయాడు. "ఎందుకయ్యా నీకీ ఊడిగం?" అంటే, "గుండ్రంగా ఉండాల్సింది గుండ్రంగా ఉండాలి లవాన్" అంటాడు.

ఈ పని చేసేవాళ్ళందరికీ ఉన్న పట్టింపే అది. ఆటలో ఏదో ఒక గుండ్రటి వస్తువు వెతికి, తెర మీద ఏదైనా ఆనించి చూస్తారు. కొందరు నాణెం పెడతారు. మా వెర్లిన్ ఊరబెట్టిన హెర్రింగ్ చేపల సీసా మూత పెడతాడు. బొమ్మ గుండ్రం మూత గుండ్రానికి సరిపోయిందా, పని అయిపోయినట్టే. ఆ మూత మీద వాడికున్న నమ్మకం నా మీద కూడా లేదు.

నేను వృద్ధాశ్రమం వంటగదిలో పని చేస్తాను. పొద్దున ఆరింటికి వెళ్ళి ఓట్స్ వండి, బల్లలు తుడిచి, నూట పన్నెండు మందికి కాఫీ పోసేసరికి నా మోకాళ్ళు నా మాట వినవు. అక్కడ కిటికీ పక్క బల్ల ఆర్విడ్ లిండ్‌క్విస్ట్ గారిది. ఎనభై ఆరేళ్ళు. ఒకప్పుడు గనుల నుంచి రేవుకి ఇనుప ఖనిజం తెచ్చే రైళ్ళలో ఏది ఏ పట్టా మీద పోవాలో చెప్పిన మనిషి. పొద్దున కాఫీ అవగానే ల్యాప్‌టాప్ తెరిచి రైలు ఆట ఆడతాడు. పట్టాలు వేయాలి, స్టేషన్లు కట్టాలి, ఊళ్ళు పెంచాలి. నాలుగేళ్ళుగా ఒకటే పట్నాన్ని పెంచుతున్నాడు. దానికి చనిపోయిన భార్య పేరు పెట్టాడు, ఇంగ్రిడ్ అని.

అక్టోబర్‌లో పాత ల్యాప్‌టాప్ చచ్చిపోయింది. కూతురు కారిన్ కొత్తది కొనిచ్చింది. ఇంగ్రిడ్ పట్నాన్ని కూడా అందులోకి ఎక్కించింది గానీ బొమ్మ సాగిపోయింది.

"నా ఇంజన్లకి చక్రాలు బంగాళాదుంపల్లా ఉన్నాయి లవాన్. ఇలాంటి బండిని నేను పట్టా మీదకి రానిచ్చేవాణ్ణి కాదు" అన్నాడు ముసలాయన.

నేనే నోరు జారాను. "మా ఇంట్లో ఒక పిచ్చోడు ఉన్నాడు, అదే వాడి పని" అన్నాను.

వెర్లిన్ పదకొండు రోజులు కూర్చున్నాడు. మా ఇంటి కంప్యూటర్‌లో ఆడించి, మూత పెట్టి చూసి, మారిన ఫైలు పెన్‌డ్రైవ్‌లో వేసి నా చేతికిచ్చాడు. మూత కూడా ఇచ్చాడు. "చక్రం మీద మూత ఆనించి దగ్గర్నుంచి ఫోటో తీసి పంపు, చాలు" అన్నాడు. నేను ఫైలు ఆయన ల్యాప్‌టాప్‌లో ఎక్కించి, మూత అలాగే పెట్టాను, ఫోటో అలాగే తీశాను. చక్రం చక్కగా మూతకి సరిపోయింది. ముసలాయన నా చెయ్యి పట్టుకుని ఊపాడు. వెర్లిన్ ఆ రోజు రెండు ముద్దలు ఎక్కువ తిన్నాడు.

ఆ మర్నాటి నుంచే మొదలైంది. ఆర్విడ్ పొద్దున్నే ఆట తెరుస్తాడు. నిన్న వేసిన వంతెననే మళ్ళీ వేస్తాడు. మధ్యాహ్నానికి పూర్తిచేస్తాడు. మర్నాడు మళ్ళీ అదే నది, అదే వంతెన. అడిగితే "మూల పోయింది" అనేవాడు. ఏ మూల అంటే, "కింది మూల. పోయింది" అనేవాడు. నర్సులు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. అంతకుముందే ఒకటి రెండుసార్లు కూతుర్ని ఇంగ్రిడ్ అని పిలిచాడు. ఇప్పుడిది. కారిన్ కూర్చుని మూడు రోజులు చూసి ఏడ్చింది.

"ఆట పాడైందేమో అనుకున్నానండి. కానీ మీ ఆయన బాగుచేశాడుగా" అంది నాతో.

"బాగుచేశాడు. నేను ఫోటో కూడా తీశాను" అన్నాను నేను, తగుదునమ్మా అని.

నా ఆ మాట పెద్ద నర్సు కాగితంలో రాసుకుంది. యంత్రంలో లోపం లేదు, మనిషే మర్చిపోతున్నాడు అని. గురువారం పదింటికి డాక్టరుతో మాట్లాడి ఆయన్ని మూడో అంతస్తుకి మార్చాలన్నారు. మూడో అంతస్తంటే తలుపులకి అంకెల తాళాలుంటాయి. అక్కడ ల్యాప్‌టాప్‌లు ఉండవు, కిటికీలోంచి పట్టాలు కనిపించవు. అక్కడికి వెళ్ళినవాళ్ళెవరూ మళ్ళీ నా కాఫీకి కిందికి దిగలేదు.

బుధవారం మధ్యాహ్నం ఆయన పళ్ళెం తీయడానికి వెళ్ళాను. ఆయన నన్ను చూడలేదు. మౌస్ బాణాన్ని తెర కుడి పక్క కిందికి తోస్తున్నాడు. అది అంచుకి తగిలి ఆగిపోయింది. ఇంకా తోస్తున్నాడు. తర్వాత మౌస్ వదిలేసి, వేలితో తెర కింద ఉన్న ప్లాస్టిక్ చట్రాన్ని నొక్కాడు. ఒకసారి, రెండుసార్లు, మెల్లగా, కాలింగ్ బెల్ నొక్కినట్టు. చివరికి పవర్ బటన్ నొక్కి ఆపేశాడు. పాపం, నిజంగానే పోయింది ఈయనకి అనుకున్నాను. సిగ్గులేకుండా చెప్తున్నాను, అదే అనుకున్నాను.

ఇంటికొచ్చి బూట్లు విప్పుతూ వెర్లిన్‌కి చెప్పాను. వాడు పొయ్యిలో కాల్చిన బంగాళాదుంపల కేసరోల్ ముందు కూర్చుని ఉన్నాడు. గరిటె ఆగిపోయింది.

"చట్రాన్ని నొక్కాడా? కుడి వైపు, కింద?"

"అవును. పాపం."

"పాపం కాదే! సేవ్ బటన్ ఉండేది అక్కడే. అది నొక్కకపోతే ఆ రోజు వేసిందంతా పోతుంది. ఆ కొత్త దాంట్లో అక్షరాలు పెద్దవి చేసి పెట్టారా?"

"కారిన్ చేసింది. ఆయనకి కళ్ళు ఆనవని."

వెర్లిన్ రెండు చేతులతో ముఖం రుద్దుకున్నాడు. తర్వాత చెప్పాడు. అక్షరాలు పెద్దవి చేస్తే కంప్యూటర్ అన్నిటినీ ఒకటిన్నర రెట్లు చేస్తుందట. పాత ఆటకి ఆ సంగతి తెలియదట. వాడు వెడల్పు చేసిన బొమ్మని కంప్యూటర్ ఇంకా పెద్దది చేసి, తెరలో పట్టినంతవరకే చూపించిందట. కుడి అంచూ కింది అంచూ తెర బయట ఉండిపోయాయి. చక్రం పెద్దదైనా గుండ్రంగానే ఉంది కాబట్టి మూత ఆ తప్పు పట్టుకోలేదు. మా ఇంట్లో అక్షరాలు మామూలు సైజు కాబట్టి ఇక్కడ తెలియలేదు.

"అంటే సాగిపోయిన బొమ్మలో ఆ బటన్ ఉంది. నేను బాగుచేశాక పోయింది. నేనే తీసేశాను లవాన్."

"నేను చక్రం ఒక్కటే ఫోటో తీశాను" అన్నాను.

"నేను చక్రం ఒక్కటే అడిగాను" అన్నాడు. కేసరోల్ ఇద్దరమూ తినలేదు.

గురువారం పొద్దున మంచు మోకాలి లోతు ఉంది. వెర్లిన్ ఎనిమిదింటికే వృద్ధాశ్రమానికి వచ్చాడు, నేను వంటగది తలుపు తీశాను. ఆర్విడ్ అప్పటికే బల్ల దగ్గరున్నాడు, అదే నది పక్కన, అదే వంతెన మొదలుపెట్టి. వెర్లిన్ పక్కన కూర్చుని, "సార్, ఒక్క నిమిషం ఇవ్వండి" అని ఆట మూసేశాడు. ఆట గుర్తు మీద నొక్కి, ఏదో పెట్టె తెరిచి, అందులో ఒక్క గడిలో టిక్కు పెట్టాడు. ఈ ఆటని పెద్దది చేయొద్దు అని చెప్పే గడి అది. పదకొండు రోజులు పట్టిన పని కాదు, పదకొండు సెకన్ల పని. మళ్ళీ తెరిచాడు.

మూల వచ్చింది. అందులో చిన్న నీలం బటన్ ఉంది.

ఆర్విడ్ మౌస్ అందుకున్నాడు. మళ్ళీ వంతెన వేశాడు, నలభై నిమిషాలు. మేమిద్దరం కదలకుండా కూర్చున్నాం. పొయ్యి మీద మిగిలిన నా ఓట్స్ మాడిపోయాయి. వేశాక నీలం బటన్ నొక్కాడు, మూసేశాడు, మళ్ళీ తెరిచాడు. ఇంగ్రిడ్ పట్నంలో వంతెన ఉంది. దాని మీద బండి వెళ్తోంది.

పదింటికి వెర్లిన్ టోపీ చేతిలో పట్టుకుని మా అందరితో పాటు డాక్టరు ఉన్న గదిలోకి వెళ్ళాడు. పది మందిలో మాట్లాడాలంటే చెమటలు పట్టే మనిషి. "తప్పు ఆయన బుర్రలో లేదు, నా పనిలో ఉంది" అని డాక్టరు ముందు చెప్పాడు. పెద్ద నర్సు కాగితం తిరగేసి, "మరి మీ ఆవిడ బాగుందని చెప్పిందే?" అంది. "చెప్పాను. తప్పు చెప్పాను" అన్నాను. కారిన్ తండ్రి ఒళ్ళో తల పెట్టుకుంది. డాక్టరు మూడో అంతస్తు మాట పక్కన పెట్టాడు. 'ఎప్పటికీ' అనలేదు, 'ఇప్పటికి' అన్నాడు. అది చాలనుకున్నాం.

మళ్ళీ కిటికీ పక్క బల్ల దగ్గరికి వచ్చాక వెర్లిన్ ఆర్విడ్ కుర్చీ ముందు వంగి, "ఇరవై రెండు రోజులు సార్. మీరు చెప్తూనే ఉన్నారు, మేం వినలేదు. తిట్టండి" అన్నాడు.

ఆర్విడ్ కిటికీలోంచి పట్టాల వైపు తిరిగాడు.

"మీరు వినలేదు, సరే. నేను ముసలాణ్ణి, ఎవరు వింటారు?" అన్నాడు. "కానీ పది రోజులయ్యాక నేనూ నమ్మడం మానేశాను బాబూ. ఆ బటన్ అసలెప్పుడైనా ఉండేదా, నేనే కల్పించుకున్నానా అని. ఉత్త ప్లాస్టిక్ నొక్కుతున్నానని తెలిసే నొక్కేవాణ్ణి."

వెర్లిన్ జేబులో చెయ్యి పెట్టాడు. మూత ఉందక్కడ, తెచ్చుకున్నాడు. ఈసారి కొలవడానికి దాన్ని బయటికి తీయలేదు.