సుగిటో చెప్పిన అయిదు పుస్తకాలు

జావా దీవిలోని యోగ్యకర్తలో, కేతోప్రాక్ అనే జానపద నాటకాల్లో నలభై ఏళ్లుగా నౌకరు వేషం కట్టే సుగిటోకు, మాట్లాడే ముందు చెవి వెనక పెట్టుకున్న లవంగం సిగరెట్టును ఒకసారి తడుముకోవడం అలవాటు. నాటక విద్యార్థులు చదవదగ్గ పుస్తకాలు చెప్పమని కళాశాలవాళ్లు అడిగితే పొంగిపోయి, గుండ్రటి అక్షరాలతో తాను ఆడిన అయిదు నాటకాల పేర్లు రాసిచ్చాడు. వారం తిరక్కుండానే రెత్నో అనే విద్యార్థిని ఇంటికొచ్చింది.

"తాతగారూ, ఇవి ఊళ్లో ఏ గ్రంథాలయంలోనూ లేవు. రేపటికి ఒక్కటైనా చూపించకపోతే పుస్తకాలు సూచించినవాళ్ల పట్టికలోంచి మీ పేరు తీసేస్తారట."

సుగిటో చెవి తడుముకున్నాడు. ఆ నాటకాలు ఎవరూ రాయలేదని అప్పుడు తట్టింది. తెర లేచే ముందు బృందం పెద్దాయన కథ చెబుతాడు. మాటలు ఎవరికి వాళ్లు అక్కడికక్కడే అల్లుకుంటారు. జన్మలో ఒక్క నాటకమూ చదవనివాడు ఊరందరికీ చదువు చెప్పబోయాడు.

"ఎట్లా ఉంటాయమ్మా! నేనో దొంగ పండితుణ్ణి," అని నవ్వేశాడు. "కూర్చో, ఒకటి చెబుతాను, రాసుకో."

అతని వేగం అందక, రెత్నో మొదటి రంగం మళ్లీ చెప్పమంది. చెప్పాడు.

"ఇందాక రాజు, నౌకరు చెంప పగలగొట్టాడన్నారు, ఇప్పుడేమో రాజే నౌకరు కాళ్లు పట్టుకున్నాడంటున్నారు!"

"చెంపదెబ్బకి నువ్వు నవ్వలేదుగా తల్లీ," అన్నాడు సుగిటో. "అందుకే మార్చాను."