ఏడుపుకొక పాట

ఆ రోజుల్లో మా మధురానగర్‌లో ఏ కిటికీ కింద నిలబడ్డా రెండు చప్పుళ్లు వినిపించేవి. ఒకటి కీబోర్డు టకటక, రెండోది హార్మోనియం. పక్కనే ఉన్న అమీర్‌పేటలో కోర్సు చేసి సాఫ్ట్‌వేర్‌లో చేరాలనుకునేవాళ్లు కొందరు, టీవీ పాటల పోటీలో నెగ్గి సినిమాల్లోకి పోవాలనుకునేవాళ్లు కొందరు. మూడో దారి ఒకటుంటుందని ఎవరికీ తోచేది కాదు. నేను అప్పుడే ముందస్తు పదవీ విరమణ తీసుకుని ఇంట్లో కూర్చున్నాను. వయసు యాభై రెండు. (యాభై దాటిందని చెప్పి వదిలేసేవాళ్లుంటారు, నాకు ఆ అలవాటు లేదు.) ఇప్పుడు డెబ్బై ఐదో ఏట కూర్చుని చూస్తే యాభై రెండంటే పడుచుదనమే. ఆ పడుచుదనంలో నేను చేసిన రెండో ఉద్యోగం సంగతి ఇది. మా తమ్ముడి కూతురికి నేను మేనేజర్‌ని.

చిట్టి (ఇంట్లో అందరం దాన్ని అలాగే పిలిచేవాళ్లం) ఒక టీవీ పోటీలో నాలుగో స్థానం దాకా వెళ్లింది. మా మరదలు ఇప్పటికీ "మా పిల్ల సెమీఫైనల్" అని చెప్పుకుంటుంది. సెమీఫైనల్‌లో ఉన్నది నలుగురు, మనది అందులో నాలుగోది, నేను అంతే చెబుతాను. పోటీ నడిచినంత కాలం దాని గొంతు బాధ్యత నాది. పెరుగు బంద్, ఐస్‌క్రీమ్ బంద్, ఆవకాయ బంద్. పొద్దున మిరియాల కషాయం, సాయంత్రం ఉప్పునీళ్ల పుక్కిలింత. ఇంతా చేస్తే, యాంకరమ్మ దాని పేరు చదివి, ఇక సెలవన్నట్టు చేయి ఊపగానే పిల్ల స్టేజీ మీద కూలబడి ఏడ్చింది. ఏమి ఏడుపది! కెమెరా దాని ముక్కు దాకా వచ్చింది. జడ్జీలు కళ్లు తుడుచుకున్నారు, తబలా ఆయన వాయించడం మరిచిపోయాడు. నేను మాత్రం ఏడవలేదు. (ఏడవని మనిషినని మా చుట్టాల్లో నాకు పేరు. మా అమ్మ పోయిన రోజు కూడా వచ్చినవాళ్లకు చాయ్ అందిందో లేదో చూసుకుంటూ తిరిగాను.) ఆ ఛానెల్ వాళ్లు ఆ ఏడుపునే తర్వాతి పోటీ ప్రకటనలో పెట్టి పొద్దస్తమానం చూపించారు. అది పాడిన పాటల్లోంచి ఒక్క ముక్కైనా వేయలేదు.

దాంతో పిల్లకు పేరొచ్చింది కానీ పాట వల్ల రాలేదు. కూరగాయల బండి దగ్గర నిలబడితే, "గా టీవీల ఏడ్చిన పిల్లవు నువ్వే గదా బిడ్డా! జర ఎక్కువ తీస్కో కొత్తిమీర, ఫికర్ జేయకు" అనేది బండి ఆమె. శ్రీనగర్ కాలనీలో చీరల దుకాణం ప్రారంభానికి పిలిచిన సేటు, పాట అయ్యాక మైకు వెనక్కి తీసుకోకుండా, "అంతా మంచిగుంది అమ్మా, ఆఖర్ల కొంచెం ఏడిస్తే పబ్లిక్ ఖుష్ అయితరు" అన్నాడు. ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీ వార్షికోత్సవంలో అయితే, ఇది పల్లవి ఎత్తుకోగానే వెనక పెద్ద తెర మీద ఆ ఏడుపు వేశారు. మెడలో కంపెనీ గుర్తింపు బిళ్లలు వేసుకున్న పిల్లలంతా ఈలలు. చిట్టి ముందు నవ్వుతూ పాడుతోంది, వెనక తెర మీద ఏడుస్తోంది.

మా తమ్ముడు ఇది చూసి ఒక రోజు తేల్చేశాడు. "అక్కా, దసరా దాకా చూస్త. గాలోపట సినిమాల ఒక్క పాట పాడిందా, మంచిది. లేకుంటే కంప్యూటర్ కోర్సుల కూసోవెడ్త. మళ్ల నువ్వు నడుమ రావొద్దు."

"ఒక్క పాటనే గదా? మాట మార్చవు గదా?" అని రెండుసార్లు అడిగి ఖాయం చేసుకున్నాను.

దసరా దగ్గర పడుతుండగా ఫిల్మ్‌నగర్ నుంచి ఫోనొచ్చింది. రికార్డింగ్ థియేటరుకు రమ్మన్నారు. చిట్టి గదిలోకి పోయి తలుపేసుకుని గెంతింది, కింద వాటాలో వాళ్లు భూకంపమా అని అడిగారు. నేను ఫ్లాస్కులో కషాయం పోసుకుని, చెప్పిన వేళకు గంట ముందే ఆటో ఎక్కించాను. జూబ్లీహిల్స్ ఎత్తు ఎక్కుతున్నంత సేపూ అది స్వరాలు సవరించుకుంటూనే ఉంది. ఆటో డ్రైవరు అద్దంలో చూసి "మేడమ్, ఏడ్వకుర్రి, ఇంట్ల పంచాది ఏమున్నా సర్దుకుంటది" అన్నాడు.

అక్కడ మెడలో హెడ్‌ఫోన్లు వేలాడేసుకున్న ఇంజినీరు, గడ్డం పెంచిన డైరెక్టరు ఉన్నారు. డైరెక్టరు ఎంతో మర్యాదగా, "కూర్చోండమ్మా. మా హీరోయిన్‌కి డబ్బింగ్ చెప్పే అమ్మాయి మాటలు బాగా చెబుతుందండీ, ఏడుపే రావట్లేదు. టీవీలో మీ పాపని చూశాక ఇంకెవరూ ఆనలేదు" అన్నాడు.

చిట్టి ముఖం వాడిపోయింది. "పాట కాదా సార్?"

"పాటలన్నీ అయిపోయాయమ్మా."

అది లేచి నిలబడింది. నేను చేయి పట్టి కూర్చోబెట్టి, "ఏడుపుకొక పాట" అన్నాను.

"అదేంటండీ?"

"మా పిల్ల ఏడిస్తే నువ్వు పాట ఇయ్యాలె. కోరస్ నడ్వది. ఒక్కతే పాడాలె. పేరు తెర మీద పడాలె."

డైరెక్టరు గడ్డం గోక్కున్నాడు. హీరో చెల్లెలు ఉయ్యాల మీద పాడుకునే చిన్న బిట్ ఒకటి ఇంకా రికార్డు చేయలేదని ఇంజినీరు గుర్తు చేశాడు. "సరే, ఏడుపు పండితే ఆ బిట్ పాపదే" అన్నాడు డైరెక్టరు. దసరాకు ముందు ఇక మాకున్న ఆశ ఆ బిట్టే.

సన్నివేశం ఏమంటే, వానలో హీరోయిన్ మోకాళ్ల మీద పడి, ముఖం రెండు చేతుల్లో దాచుకుని ఏడుస్తుంది. ముఖం కనబడదు కాబట్టి పెదవులకు కలిపే బాధ లేదు, ఏడిస్తే చాలు. ఎర్ర లైటు వెలిగింది. చిట్టి మైకు ముందు నిలబడి "ఊఁ..." అంది. ఆ ఊఁ కూడా శ్రుతిలో ఉంది. ఇంకోసారి చెయ్యమన్నారు. ఈసారి గమకం పడింది. మూడోసారి తెర మీద హీరోయిన్ బురదలో జారడం చూసి ఫక్కున నవ్వింది. రాష్ట్రమంతా చూసేలా ఏడ్చిన పిల్లకు, కావలసిన రోజున చుక్క నీరు రాలేదు. డైరెక్టరు గడియారం చూసుకోవడం మొదలుపెట్టాడు.

నన్ను లోపలికి పంపమని అడిగి మైకు దగ్గరికి వెళ్లాను. "మీ నాన్న కోర్సు యాది చేసుకోవే" అన్నాను. నవ్వింది. "ఆ సేటును యాది చేసుకో." ఇంకా నవ్వింది. నాకు ఒళ్లు మండింది. "మరి గా దినం ఎట్ల ఏడ్చినవే? ఓడిపోయిన అనే గదా? గదే యాది చేసుకో!"

చిట్టి తల వంచుకుంది. "ఓడిపోయిన అని ఏడ్వలే అత్తమ్మా."

"మరెందుకు?"

"పేరు చదవంగనే... ఇంక ఇంటికి పోయి పెరుగన్నం తినొచ్చు అనిపించింది. ఆవకాయ వేసుకొని. గంతే, దుఃఖం ఆగలే. సంతోషానికి ఏడ్చిన."

జడ్జీలు, తబలా ఆయన, బండి ఆమె, సేటు, వీళ్లందరూ జాలిపడింది పెరుగన్నం మీద! నాకు నవ్వొచ్చింది. పొట్ట పట్టుకుని నవ్వాను. అంతలో కషాయం గ్లాసు పట్టుకుని రోజూ ఆ పిల్ల వెంట పడ్డ నేను, గ్లాసు ఖాళీ చేసి "అయింది అత్తమ్మా" అని నోరు తెరిచి చూపించే అది కళ్లముందు కనబడ్డాం. గిన్నెలో పెరుగు మేమందరం దాని ఎదురుగానే కలుపుకునేవాళ్లం. నవ్వు ఏ క్షణాన మలుపు తిరిగిందో, ప్రతిదీ సరిగ్గా చెప్పే నేను అదొక్కటి చెప్పలేను. ఒళ్లో ఫ్లాస్కు పెట్టుకుని, ఆ మైకు కింద కూలబడి, ముఖం రెండు చేతుల్లో దాచుకుని ఏడ్చాను. మా అమ్మకు బాకీ పడ్డ ఏడుపు కూడా అందులోనే వచ్చేసినట్టుంది.

తల ఎత్తేసరికి ఎర్ర లైటు ఇంకా వెలుగుతూనే ఉంది. అద్దం అవతల డైరెక్టరు రెండు చేతులెత్తి దండం పెడుతున్నాడు.

"ఇరవయ్యేళ్ల హీరోయిన్‌కి నా ఏడుపేంది సార్?" అన్నాను ముక్కు తుడుచుకుంటూ.

"పర్లేదమ్మగారూ," అన్నాడు ఇంజినీరు, "వానలో వయసు తెలీదు. కొంచెం ఉరుములు కలుపుతాను."

సినిమా దసరాకే వచ్చింది. మొదటి రోజు ఇంటిల్లిపాదీ వెళ్లాం. ఉయ్యాల బిట్ రానే వచ్చింది, వెళ్లనే వెళ్లింది. మా తమ్ముడు "ఇది పాటనా అక్కా? సమోసా కొరికేలోపట అయిపాయె" అన్నాడు. "ఒక్క పాట అన్నవు. ఎంత పొడుగో అప్పుడు చెప్పలే" అన్నాను. ఇంకోసారి సమోసా కొరికాడు. కోర్సు సంగతి మళ్లీ ఎత్తలేదు. ఆ తర్వాత తెర మీద వాన మొదలైంది, ఉరిమింది. ఏడుపు వచ్చింది. మా తమ్ముడు సమోసా పక్కన పెట్టి, నా చెవిలో, "ఎవరి గొంతో గానీ అక్కా, అమ్మ ఏడ్చినట్టే ఉంది" అన్నాడు. అటు పక్కన చిట్టి నోటికి చున్నీ అడ్డం పెట్టుకుని వణుకుతోంది, నవ్వుకో దేనికో.

చిట్టి పెద్ద గాయని కాలేదు. పెళ్లిళ్లలో పాడింది, కొన్ని సినిమాల్లో కోరస్ పాడింది, ఇప్పుడు వెంగళరావు నగర్‌లో సంగీతం నేర్పుతుంది. ఆ పిల్లలకు క్లాసు అయ్యాక పెరుగన్నం పెట్టడం ఆమె పద్ధతి. గొంతులు బాగానే ఉన్నాయి. (నేను వెళ్లి విని వచ్చాను.) ఆ సినిమా అప్పుడప్పుడు మధ్యాహ్నం పూట టీవీలో వస్తుంది. ఉయ్యాల దగ్గర చిట్టికి ఫోన్ చేస్తాను. వాన దగ్గర మాత్రం ఎవరికీ చేయను. తలుపు దగ్గరికి వేసి, శబ్దం కాస్త పెంచుకుని, ఉరుముల మధ్య ఆ యాభై రెండేళ్ల పిల్ల ఎంత బాగా ఏడ్చిందో వింటూ కూర్చుంటాను.