అత్త కట్టిన కంతులు

పోయిన నెల మా చిన్నమ్మాయి తిరుపతిలో ఫ్లాటు కొనుక్కోవడానికి అప్పు తీసుకుంటూ, ఇంట్లో ఊరికే కూర్చుని ఏం చేస్తావు నాయనా, రా అని నన్ను కూడా బ్యాంకుకు వెంటబెట్టుకుని పోయింది. ఏసీ గదిలో చెమట పట్టని చొక్కా వేసుకున్న కుర్రాడొకడు ఆమె చేత పదహారు చోట్ల సంతకాలు పెట్టించుకుని, చివర్లో ఒక కాగితాల కట్ట చేతిలో పెట్టాడు. ఇరవై ఏళ్ల కంతులూ నెలనెలా వరుసగా అచ్చు వేసి ఉన్నాయి అందులో. ఏ నెల అసలు ఎంత, వడ్డీ ఎంత, అడుగున అన్నీ కలిపి మొత్తం ఎంత. మా అమ్మాయి ఆ కట్టను చూడకుండానే సంచిలో దోపుకుంది. నేను మాత్రం కారులో దాన్ని బయటికి తీసి, మొదటి పేజీ మొదటి వరుస దగ్గరే ఆగిపోయాను. ఏమైంది నాయనా అని ఆమె రెండుసార్లు అడిగింది. అద్దాలు మసకేసినాయమ్మా అన్నాను.

ఇంతకాలం ఎవరికీ చెప్పనిది, నా ఈడువాళ్లయితే అర్థం చేసుకుంటారన్న ఆశతో ఇప్పుడు రాస్తున్నాను.

మా నాయనకు ఒక చెల్లెలుండేది. ఇరవై నాలుగో ఏట భర్త పోతే, పుట్టింట్లో పొయ్యి దగ్గర కూర్చోకుండా టీచరు ట్రైనింగుకు పోయి, పంచాయతీ బడుల్లో ఊరూరా తిరిగి, ఐరాల దగ్గర ఏడేళ్లు చేసి, చివరికి తిరుపతికి వచ్చింది. ఆమె దగ్గరే ఉండి నేను బీకాం చదివాను. ఫీజులు ఆమే కట్టింది. ఒంటరి ఆడమనిషికి బాడుగిల్లు దొరకడమే కష్టం, దొరికినా ఇంటివాళ్ల మాట పడాలి. నీళ్లు ఎన్ని బిందెలు పట్టుకోవాలో, ఎవరు వస్తే ఎందుకు వచ్చారో, దీపం ఏ వేళకు ఆర్పాలో వాళ్లే చెప్పేవాళ్లు. ఇరవై రెండేళ్లలో పద్నాలుగు ఇళ్లు మారిందట. ఇల్లు మారిన ప్రతిసారీ తులసికుండీని తానే ఒళ్లో పెట్టుకుని జట్కాలో కూర్చునేది.

డెబ్బైల మొదట్లో నాకు చిత్తూరులో ఒక ఇళ్ల అప్పుల సహకార సంఘంలో గుమాస్తా ఉద్యోగం వచ్చింది. అప్పటికి అదొక పెద్ద గౌరవం. జిల్లా అంతటి నుంచీ టీచర్లు, గుమాస్తాలు, బస్సు కండక్టర్లు వచ్చి బెంచీ మీద కూర్చుని, దరఖాస్తు నింపిపెట్టమని నన్ను బతిమాలుకునేవాళ్లు. మా సెక్రటరీ చెడ్డవాడు కాదు గానీ, నేను చేరిన వారంలోనే పక్కకు పిలిచి, “జనాన్ని బెదరగొట్టొద్దప్పా. నెలకెంతో చెప్పు, సాలు. మొత్తం చెప్తే ఎవుడూ ఇల్లు కట్టడు” అన్నాడు. నేనూ అట్లాగే చెప్పేవాణ్ని. నిజానికి ఆ మొత్తం ఎంతో అప్పుడు నాకూ సరిగ్గా తెలియదు.

మా అత్త తిరుపతిలో ఊరి చివర, కరకంబాడి రోడ్డు వైపు, అప్పటికి చెనిక్కాయ చేలుగా ఉన్న చోట రెండున్నర సెంట్లు కొనుక్కుంది. దాచుకున్నదంతా దానికే అయిపోయింది. ఇల్లు కట్టడానికి పదిహేను వేలు కావాలి. ఏడాదికి నూటికి పదకొండు వడ్డీ, ఇరవై ఏళ్లు. ఆమెకు అప్పటికే నలభై ఆరు దాటినందువల్ల జామీను కావాలన్నారు. నేనే పెట్టాను సంతకం, గర్వంగా.

దరఖాస్తు మీద సంతకం చేసే ముందు ఆమె కలం పట్టుకుని అడిగింది. “మొత్తం మీద ఎంత కట్టాలొస్తాదిరా?” నేను నవ్వి, నెలకు నూట యాభై ఐదు అత్తా, జీతంలోనే పట్టుకుంటారు, నువ్వు లెక్క చూసుకునే పనే లేదు అన్నాను. ఆమె జీతంలో అది సగానికి కొంచెం తక్కువ. ఆమె నా మొహంలోకి ఒకసారి చూసి, నువ్వు చెప్తావుండావు గదా అని సంతకం చేసేసింది.

అప్పటికే ఇరవై ఏళ్లుగా అయిదో తరగతి పిల్లలకు బారువడ్డీ, చక్రవడ్డీ లెక్కలు చెప్పిన మనిషి ఆమె. అయితే పుస్తకంలోని లెక్కల్లో అప్పు తీసుకున్నవాడు గడువు తీరినాక అసలూ వడ్డీ ఒక్కసారే కట్టేస్తాడు. నెలనెలా కట్టే లెక్క ఆ పుస్తకాల్లో ఎక్కడా లేదు.

ఇల్లు లేచింది. ముందు రెండు గదులు, వెనక వంటిల్లు, దాని పక్కన సామాన్ల గది. మిద్దె ఎక్కితే కొండ మొత్తం కనిపించేది. గృహప్రవేశం నాడు ఆమె పట్టుచీర కట్టుకుని గడపకు పసుపు రాస్తూ ఏడ్చింది. నెల తిరిగేసరికి జీతం చాలక, ముందు గదులు రెండూ మందుల దుకాణం పెట్టుకున్న ఒకాయనకు బాడుగకిచ్చి, తాను సామాన్ల గదిలోకి మారింది. రెండేళ్లు పోనీ, తర్వాత నా ఇంట్లో నేనుంటాను అనేది. తొమ్మిదేళ్లూ ఆ గదిలోనే ఉంది. మంచం వేస్తే తలుపు పూర్తిగా తెరుచుకునేది కాదు. బడికి నడిచిపోయేది, కాఫీ మానేసింది, కళ్లద్దం పగిలితే ఆరు నెలలు దారం కట్టుకుని పెట్టుకుంది. నేను పోయినప్పుడల్లా ముందు గదుల కిటికీలను బయటనుంచే చూపించి, ఆ చెక్క యాడ కోయించిందో, ఎంత బేరమాడిందో చెప్పేది.

రెండేళ్లకు నన్ను లెడ్జరు సెక్షనుకు వేశారు. ఒక రోజు మధ్యాహ్నం భోజనాల వేళ, పని లేక, అత్త పేరున్న పేజీ తీసి చూశాను. మొదటి నెల ఆమె కట్టిన నూట యాభై ఐదులో నూట ముప్పై ఏడున్నర వడ్డీకే పోయింది, అసలుకు జమ అయింది పదిహేడున్నర. రెండో నెలా దాదాపు అంతే. రెండేళ్లు కట్టినా అసలు అయిదు వందలు కూడా తగ్గలేదు. నాకు నమ్మకం కలగక, పాడైన ఫారం ఒకటి తిరగేసి ఇరవై ఏళ్లకూ గుణించాను. ముప్పై ఏడు వేల రెండు వందలు. ఫారం చించి చెత్తబుట్టలో వేసి, చేతులు కడుక్కుని వచ్చి కూర్చున్నాను. చెప్పి మాత్రం ఏం లాభం, అప్పు తీసుకున్నాక కట్టక తప్పుతుందా అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను.

చెప్పి ఉంటే ఏం లాభమో ఆ మరుసటి ఏడే తేలింది. అత్త చీటీ పాడుకుని రెండు వేలు చేతికి తీసుకుని, తిరుపతి నుంచి బస్సెక్కి చిత్తూరు వచ్చింది. ఆఫీసు వరండాలో నిలబడి, కొంగుముడి మీద చెయ్యి వేసుకుని అడిగింది.

“ఈ రెండు వేలు అప్పులో కట్టేస్తే ఏమన్నా తగ్గతాదారా?”

తగ్గుతుంది. ఎంత తగ్గుతుందో కూడా నాకు తెలుసు; ఆ సెక్షనులో అప్పటికి అలాంటి లెక్కలు ఎన్నో వేశాను. ఆ రోజు ఆ రెండు వేలు అసలుకు జమ చేస్తే చివర్లో అయిదేళ్ల పైచిలుకు కంతులు ఎగిరిపోతాయి. కానీ అప్పుడు నా పెళ్లి కుదిరి ఉంది. మా నాయన దగ్గర చిల్లిగవ్వ లేదు. పెళ్లికూతురికి మావైపు నుంచి గొలుసు పెడతామని పెద్దమనిషి తరహాలో మాట ఇచ్చేసినవాణ్ని నేనే. ఆ గొలుసు ఎక్కడినుంచి వస్తుందో తెలియక నిద్రపట్టని రోజులవి.

పెద్దగా తేడా రాదత్తా, కంతు కంతే అన్నాను.

ఆమె మొహం విచ్చుకుంది. “అయితే నీ పెండ్లికి పనికొస్తాది లేరా. ఆ పిల్ల మెడలోకి ఏమన్నా తీసుకుందాం” అని నన్ను అటునుంచటే బజారుకు తీసుకుపోయింది. మూడు సవర్ల బంగారు గొలుసు కొన్నాం. మిగిలిన డబ్బు చీరలకైంది.

మరో ఆరేళ్లు గడిచాయి. నాకు ఇద్దరు పిల్లలు పుట్టారు. మన తరం వాళ్లకు గుర్తుండే ఉంటుంది, ప్రభుత్వం ఉన్నట్టుండి ఉద్యోగుల విరమణ వయసు యాభై ఎనిమిది నుంచి యాభై ఐదుకు తగ్గించింది. తర్వాత ఆ ఉత్తర్వు మారింది గానీ, అప్పటికే ఇంటికి వచ్చేసినవాళ్లలో మా అత్త ఒకతి. ఇంకా మూడేళ్ల జీతం ఉందనుకున్న మనిషికి నెల తిరక్కుండానే దండ వేసి పంపించారు. పింఛను వెంటనే రాలేదు. పంచాయతీ బడుల్లో చేసిన కాలానికి సర్వీసు రిజిస్టరులో పేజీలు దొరకలేదన్నారు. చేతికి వచ్చింది దాచుకున్న ప్రావిడెంటు ఫండు ఆరు వేలు మాత్రమే.

ఒక రోజు పదకొండు గంటల వేళ నా బల్ల ముందుకు వచ్చి కూర్చుంది. మొహంలో దిగులు లేదు. నోటు పుస్తకంలో లెక్క రాసుకుని వచ్చింది. ఇరవై ఏళ్ల అప్పు, తొమ్మిదేళ్లు కట్టాను, పదకొండేళ్ల వంతు మిగిలింది, అంటే ఎనిమిది వేల రెండు వందల యాభై. ఆరు వేలు నా దగ్గరుండాయి, మిగతా రెండు వేల చిల్లర నువ్వు సర్దితే పింఛను వచ్చినాక తీర్చేస్తాను, అప్పు లేకుండా పోతే ముందు గదుల బాడుగతో నాకు జరిగిపోతుంది అంది.

లెడ్జరు తెచ్చి ఆమె వైపు తిప్పి పెట్టాను.

ఆమె అద్దాలు సర్దుకుని, పిల్లల పరీక్ష పేపరు దిద్దినట్టు, ఒక్కో వరుస మీద వేలు పెట్టి చదివింది. నా బల్ల మీది పెన్సిలు తీసుకుని నాలుగైదు చోట్ల తానే గుణించి చూసింది. అరగంట పట్టింది. పదహారు వేల ఏడు వందల నలభై రూపాయలు కట్టింది ఆమె. ఇంకా దాదాపు పదకొండు వేల ఎనిమిది వందలు బాకీ ఉంది.

“లెక్క సరిగానే ఉండాది” అంది చివరికి. తర్వాత పెన్సిలు కింద పెట్టి, “నీకు ఎప్పుడు తెలిసిందిరా ఇది?” అని అడిగింది.

అబద్ధం చెప్పాలనుకున్నాను, నోరు రాలేదు. లెడ్జరు సెక్షనుకు వచ్చినాక అత్తా అన్నాను.

ఆమె లోపల్లోపల ఏదో కూడుకుంది. “అంటే పెండ్లికి ముందే” అంది. నోటు పుస్తకం మూసి, “పోనీలే. ఆ పిల్ల మెడలోనన్నా ఉండాది గదా” అని లేచింది.

కట్టనివ్వని ఆ రెండు వేల లెక్క నేను తర్వాత వేశాను. ఆ రోజు కట్టి ఉంటే, లెడ్జరు తిప్పి పెట్టిన నాటికి బాకీ ఎనిమిది వేల లోపే ఉండేది. ఆమె రాసుకొచ్చిన అంకె కన్నా తక్కువ.

ఆరు వేలూ కట్టేస్తే పింఛను వచ్చేదాకా తిండికి లేదు. కట్టకపోతే నెలకు నూట యాభై ఐదు, బాడుగ వచ్చేది వంద. ఇల్లు అమ్మేస్తానంటోందని తెలిసి, అమ్మొద్దు, కంతులు నేను కడతానని బస్సెక్కి పోయి చెప్పాను. ఆమె ఒప్పుకోలేదు. “నేను కట్టకపోతే జామీనువని నీ జీతంలో కోస్తారు. నీ పిల్లోళ్ల నోటికాడ కూడు నాకొద్దు” అంది. ముందు గదుల్లో బాడుగకున్నాయనే కొన్నాడు. ఆమె అవసరం అతనికి తెలుసు, బేరం అతను చెప్పినట్టే అయింది. నేనే మా ఆఫీసులో బాకీ జమ చేసుకుని, కాగితాల మీద తనఖా రద్దయినట్టు ముద్ర వేశాను.

ఆ తర్వాత ఆమె ఆ ఇంటికి మూడు వీధుల అవతల ఒక బాడుగ గదిలో ఉండి, పిల్లలకు ట్యూషన్లు చెప్పింది. పింఛను రెండేళ్లకు వచ్చింది. నన్ను ఒక్క మాట అనలేదు. మా ఇంటికి వస్తే నా భార్యను దగ్గర కూర్చోబెట్టుకుని తల నిమిరేది. ఆ గొలుసు సంగతి నా భార్యకు ఇప్పటికీ తెలియదు.

ఇల్లు అమ్మిన నాలుగేళ్లకు, ఎండాకాలంలో, అత్త పొద్దున నీళ్లు పట్టుకుంటూ కుళాయి దగ్గరే పడిపోయి ప్రాణం విడిచింది. కబురు అంది నేను చేరేసరికి మధ్యాహ్నం రెండైంది. ఆమెను వీధి అంచున, రెండు గోనెపట్టల నీడలో, బడి బెంచీ మీద పడుకోబెట్టి ఉన్నారు. ఇంటాయన చేతులు నలుపుకుంటూ నా దగ్గరికి వచ్చి, “ఏమనుకోవద్దప్పా, లోపల పెట్టేదానికి లేదు. మా కోడలు నెల తప్పి ఉండాది” అన్నాడు. అతన్ని ఏమనగలను? చిత్తూరులో నేనున్నదీ బాడుగిల్లే. మా ఇంటికి తీసుకుపోతానన్నా మా ఇంటాయనా ఆ మాటే అనేవాడు. గోనెపట్ట నీడ జరిగినప్పుడల్లా ఆమె మొహం మీద ఎండ పడుతుంటే, ట్యూషను పిల్లలు వంతులవారీగా పలకలు అడ్డం పట్టుకుని నిలబడ్డారు.

ఆ తర్వాత నేను దరఖాస్తుకు వచ్చిన ప్రతివాడికీ మొత్తం చెప్పడం మొదలుపెట్టాను. కొందరు అప్పు తీసుకోకుండానే వెళ్లిపోయారు. ఏడాది తిరక్కుండా సెక్రటరీ నన్ను ఉత్తరాలకు తపాలా బిళ్లలంటించే సెక్షనుకు మార్చాడు. వెళ్లిపోయినవాళ్లు బాగుపడ్డారో, బాడుగిళ్లలోనే ముసలివాళ్లయ్యారో నాకు తెలియదు. నేనైతే అప్పుకు భయపడి ఉద్యోగం ఉన్నంతకాలం బాడుగే కట్టాను. అది కూడితే ఎంతవుతుందో లెక్క వేయడానికి నాకు ధైర్యం చాల్లేదు. అత్త ఇల్లున్న చోట ఇప్పుడు నాలుగంతస్తుల లాడ్జి ఉంది. చుట్టూ లేచిన మేడల మధ్య, కొండ ఎటువైపో కూడా అక్కడినుంచి తెలియదు.

ఆ రోజుల్లో మనుషులు ఆఫీసులో తెలిసినవాడొకడు ఉంటే చాలనుకునేవాళ్లు. కాగితం చదవకపోయినా అతని మొహం చూసి, నువ్వు చెప్పు నాయనా అని అడిగి, అతను చెప్పినచోట సంతకం పెట్టేవాళ్లు. ఇప్పుడు ఎవరూ ఎవరినీ అడగడం లేదు. మా అమ్మాయి కూడా నన్నేమీ అడగలేదు. ఆ అడగడం పోయిందని మన ఈడువాళ్లంతా విచారిస్తూ ఉంటారు. నేను మాత్రం ఆ మాట వచ్చినప్పుడల్లా తల వంచుకుని ఊరుకుంటాను.