చిన్నాయన సైగ

నా చిన్నప్పుడు మా కోయిలకుంట్లలో క్రికెట్ ఆడితే జనం బ్యాట్ పట్టినవాణ్ణి చూసేవాళ్ళు కాదు. వికెట్ల వెనక కూచున్న మా చిన్నాయన్ని చూసేవాళ్ళు. అరిగిపోయిన గ్లోవ్స్‌లో దూది కుక్కుకుని, ఎంత వేగంగా వచ్చిన బంతినైనా ఇట్టే పట్టేసేవాడు. పదిహేనేళ్ళు అట్లా పట్టీ పట్టీ కుడిచేతి వేళ్ళు మూడు వంకర తిరిగిపోయాయి. ఆయన అన్నం కలుపుకుంటుంటే నేను ఆ వేళ్ళనే చూస్తూ కూచునేదాన్ని. పొరుగూళ్ళ వాళ్ళు కూడా ఆయన్ని బతిమాలి తీసుకుపోయి ఆడించుకునేవాళ్ళు. నాకెంత గర్వమో చెప్పలేను.

ఎట్లాంటి బంతి వేయాలో బౌలర్‌కు ఆయనే సైగ చేసేవాడు. ఆ సైగలన్నీ నాకూ నేర్పాడు. ఎడమ మోకాలి మీద రెండుసార్లు తట్టితే, బంతి మొగం మీదికి లేచేట్టు వేయమని.

ఒకసారి మైదుకూరు జట్టులో ఒక బడిపంతులు ఎంతకీ అవుట్ కాకుండా మావాళ్ళను ఏడిపించాడు. బౌలర్ వెనకవైపు గట్టు మీద కూచున్న నాకు చిన్నాయన ఎడమ మోకాలు రెండుసార్లు తట్టడం కనిపించింది. మరుక్షణం బంతి పోయి పంతులు కంటికి తగిలింది. ఆ కన్ను ఇక చూపుకు రాలేదు.

బంతి వేసిన మా బౌలర్ కోసిగి నుంచి నాపరాళ్ళ గనిలో పనికొచ్చిన కూలీ. కావాలనే కన్ను పోగొట్టాడని ఊరంతా అతన్నే తిట్టిపోసింది. గని ఓనర్ పనిలోంచి తీసేశాడు. అతను మాత్రం ఎవరి పేరూ ఎత్తలేదు. చిన్నాయన నోరు విప్పలేదు. నేనూ విప్పలేదు. మా చిన్నాయన కదా!

పది రోజులు గడిచాయి. ఆయన అన్నం తింటుంటే ఎదురుగా కూచుని నా మోకాలి మీద రెండుసార్లు తట్టాను. ఆయన చేతిలో ముద్ద చేతిలోనే ఉండిపోయింది.

"ఎప్పుడు చూసినావు పాపా?"

"ఆ పొద్దే చూసినా."

మర్నాడు నన్ను వెంటబెట్టుకుని మైదుకూరు పోయాడు. కంటికి కట్టుతో మంచం మీదున్న పంతులు ముందు నిలబడి, "వానిది తప్పు లేదు సార్. అట్ల వెయ్యమని చెప్పింది నేను" అన్నాడు.

"నాకు చెప్తే కన్ను వస్తాదా? పని పోయింది వానికి. పోయి ఆడ చెప్పప్పా" అన్నాడు పంతులు.

అటునుంచి అటే గనికి పోయాం. అందరి ముందూ ఉన్నదున్నట్టు చెప్పేశాడు చిన్నాయన. కానీ ఆ కూలీ గుడిసె ఖాళీగా ఉంది. పెళ్ళాంబిడ్డలతో ఆ పొద్దున్నే వెళ్ళిపోయాడట. పొయ్యిలో చెయ్యి పెట్టి చూశాను, బూడిద ఇంకా వెచ్చగానే ఉంది. కోసిగిలో అడిగితే ఇంటికి రాలేదన్నారు. పని వెతుక్కుంటూ ఎటు పోయాడో ఎవరికీ తెలియలేదు.

చిన్నాయన మళ్ళీ వికెట్ల వెనక కూచోలేదు. చనిపోయేదాకా ఏటా కోసిగి పోయి, అతని గురించి అడిగి, తల వంచుకుని వచ్చేవాడు.

ఇప్పుడు నా ముందు ఎవరి మీదైనా నింద పడితే, నేను చూసింది అక్కడికక్కడే చెప్పేస్తాను. "నీకెందుకమ్మా" అని నా కొడుకు విసుక్కుంటాడు. విసుక్కోనీ. వాడికేం తెలుసు, నేను ఒక్క రోజు ముందు చెప్పి ఉంటే ఆ గుడిసెలో మనుషులు ఉండేవాళ్ళు.